యుద్ధానికి వెళ్లిన కౌంటీ క్రికెటర్ జీవితాన్ని వెతికి రాయడం ఎలా

ఇంగ్లండ్ కౌంటీల తరఫున ఆడి, తర్వాత ప్రపంచ యుద్ధంలో సైనికుడైన ఆటగాడి గురించి రాసేటప్పుడు చాలామంది ఆట గురించి నాలుగు పేజీలు రాస్తారు. సైన్యం దగ్గరికి వచ్చేసరికి "యుద్ధంలో ప్రాణాలు కోల్పోయాడు" అని ఒక్క వాక్యంతో ముగిస్తారు. నిజానికి బ్రిటిష్ సైన్యం ప్రతి పనికీ ఒక ఫారం నింపింది. అందులో చాలా భాగం మిగిలింది, దాంట్లో మంచి వాటా ఆన్‌లైన్‌లో దొరుకుతుంది. గుంటూరులో కూర్చుని కూడా ఒక మనిషి చివరి రోజు దాకా వెళ్లొచ్చు.

దానికి పట్టుకోవాల్సింది ఒక్కటే: ఫలానా తేదీన అతను ఏ బెటాలియన్‌లో ఉన్నాడు. ఇది తేలితే మిగతావన్నీ దాని వెనకే వస్తాయి. ఇది తేలకుండా రాసిన ప్రతి వాక్యమూ ఊహే. అందుకే మొదటి రోజే ఒక పట్టిక గీయండి. అందులో తేదీ, ఊరు, యూనిట్, హోదా, ఆ సంగతి ఎక్కడ దొరికింది అని అయిదు గళ్లు చాలు. తెలియని గడి ఖాళీగానే ఉండాలి.

పేరును నమ్మకండి

1886లో యార్క్‌షైర్‌లోని పడ్సీలో పుట్టిన మేజర్ విలియం బూత్ యార్క్‌షైర్ ఆల్‌రౌండర్, ఇంగ్లండ్ తరఫున రెండు టెస్టులు ఆడాడు. 'మేజర్' అతని హోదా కాదు, తల్లిదండ్రులు పెట్టిన పేరు. సైన్యంలో అతను సెకండ్ లెఫ్టినెంట్. మేజర్ హోదా ఉన్న బూత్ కోసం వెతికితే ఎన్నటికీ దొరకడు. "మేజర్ బూత్ నాయకత్వంలో దళం కదిలింది" అని రాసినవాళ్లు పేరును హోదా అనుకున్నారు.

వార్విక్‌షైర్ ఆటగాడు పెర్సీ జీవ్స్‌ది ఇంకో చిక్కు. హాస్య రచయిత పి.జి. వుడ్‌హౌస్ తన కథల్లోని వ్యక్తిగత సేవకుడికి ఈయన పేరే పెట్టాడు. జీవ్స్ అని వెతికితే ఆ సేవకుడే ముందుకొస్తాడు. పేరు పక్కన ఊరు, పుట్టిన తేదీ, రెజిమెంట్ చేర్చి వెతకండి. జీవ్స్ 1888 మార్చి 5న డ్యూస్‌బరీ దగ్గర ఎర్ల్‌షీటన్‌లో పుట్టాడు. యుద్ధంలో 15వ రాయల్ వార్విక్‌షైర్ బెటాలియన్‌లో ఉన్నాడు.

కాబట్టి ముందు పూర్తి పేరు, పుట్టిన తేదీ, పుట్టిన ఊరు, తల్లిదండ్రులు లేదా భార్య పేరు ఖాయం చేసుకోండి. ఇంగ్లండ్‌లో జనన నమోదు 1837లో మొదలైంది. 1911, 1921 జనాభా లెక్కలు, 1939 సెప్టెంబర్ 29న తీసిన రిజిస్టరు చూడొచ్చు. సైన్యం కాగితంలో దగ్గరి బంధువు పేరు ఉంటుంది. అది జనాభా లెక్కలోని పేరుతో కలిస్తే మనిషి వాడే. వయసు ఒక్కటే కలిస్తే చాలదు, ఎందుకంటే చేరేటప్పుడు వయసు మార్చి చెప్పినవాళ్లు చాలామంది.

స్కోర్‌కార్డు నుంచి సైన్యం దాకా

స్కోర్‌కార్డు పరుగులతో పాటు ఇంకో సంగతి కూడా చెబుతుంది. 1962 దాకా ఇంగ్లండ్‌లో డబ్బు తీసుకోని అమెచ్యూర్లు, జీతానికి ఆడే ప్రొఫెషనల్స్ అని రెండు వర్గాలు. పాత కార్డుల్లో అమెచ్యూర్ పేరు ముందు మిస్టర్ అనో, ఇనిషియల్సో వేసి, ప్రొఫెషనల్‌కు ఇంటిపేరు మాత్రమే వేయడం, లేదా ఇనిషియల్స్ పేరు తర్వాత పెట్టడం వాడుక. పబ్లిక్ స్కూల్లో చదివిన అమెచ్యూర్ ఎక్కువగా అధికారిగా చేరేవాడు, ప్రొఫెషనల్ సిపాయిగా చేరేవాడు. ఈ ఇద్దరి రికార్డులు లండన్‌లోని క్యూ దగ్గర ఉన్న నేషనల్ ఆర్కైవ్స్‌లో వేర్వేరు వరుసల్లో ఉంటాయి. అయితే ఇది ఎక్కడ మొదలుపెట్టాలో చెప్పే గుర్తు మాత్రమే. బూత్ ప్రొఫెషనలే. లీడ్స్ పాల్స్ అని పిలిచే 15వ వెస్ట్ యార్క్‌షైర్ బెటాలియన్‌లో సిపాయిగా చేరి, సార్జెంట్ అయి, 1915లో అధికారి అయ్యాడు. అలాంటివాళ్ల కోసం రెండు వరుసలూ చూడాలి.

చివరి ఫస్ట్ క్లాస్ మ్యాచ్ తేదీ పట్టికలో మొదటి గీత. 1914 ఆగస్టులో వెస్టన్‌సూపర్‌మేర్‌లో సోమర్సెట్ మీద రెండో ఇన్నింగ్స్‌లో యార్క్‌షైర్ బౌలర్ అలోంజో డ్రేక్ 35 పరుగులకు 10 వికెట్లు తీశాడు. అవతలి ఎండ్ నుంచి మొదటినుంచీ చివరిదాకా వేసింది బూతే. అప్పటికే యుద్ధం మొదలై మూడు వారాలు దాటింది. కౌంటీ ఛాంపియన్‌షిప్ 1915 నుంచి 1918 దాకా, మళ్లీ 1940 నుంచి 1945 దాకా జరగలేదు. ఆ ఏళ్లలో ఆడిన రెజిమెంట్ మ్యాచ్‌లు, బ్రాడ్‌ఫర్డ్ లీగ్ మ్యాచ్‌లు ఫస్ట్ క్లాస్ లెక్కల్లో ఉండవు. అవి స్థానిక పత్రికల్లోనే దొరుకుతాయి. సెలవు మీద ఎప్పుడు వచ్చాడో తేల్చడానికి ఆ చిన్న వార్తలు బాగా పనికొస్తాయి.

మొదటి యుద్ధం: కాలిపోయిన వాటి బదులు ఏం చూడాలి

సిపాయిల సర్వీసు కాగితాలు నేషనల్ ఆర్కైవ్స్‌లో డబ్ల్యూఓ (వార్ ఆఫీస్, అంటే యుద్ధ శాఖ) 363 వరుసలో ఉన్నాయి. 1940 సెప్టెంబర్‌లో లండన్ మీద పడిన బాంబులకు ఆ గోదాములో సగానికి పైగా కాలిపోయాయి. మీ ఆటగాడి కాగితం దొరికితే అందులో ముందు వెతకాల్సింది బి.103 ఫారం. బదిలీ, గాయం, ఆసుపత్రి, సెలవు అన్నీ తేదీలతో ఒకే చోట ఉంటాయి. అంచులు కాలి, నీటికి తడిసి అక్షరాలు చెదిరి ఉంటాయి కాబట్టి పెద్దది చేసి చదవండి. అధికారుల ఫైళ్లు డబ్ల్యూఓ 339, డబ్ల్యూఓ 374లో ఉన్నాయి. రెండోది ప్రధానంగా టెరిటోరియల్, అంటే పార్ట్‌టైమ్ స్వచ్ఛంద దళాల అధికారులది. వాళ్ల అసలు ఫైళ్లు కూడా 1940లోనే పోయాయి. మిగిలినవి ఉత్తరప్రత్యుత్తరాల ఫైళ్లు. వాటిని తక్కువగా చూడొద్దు. చనిపోయినవాడి సామాను జాబితా, కుటుంబం రాసిన ఉత్తరాలు అందులోనే ఉంటాయి.

సర్వీసు కాగితం కాలిపోతే మెడల్ కార్డు చూడాలి. అది డబ్ల్యూఓ 372లో ఉంటుంది. 1915 డిసెంబర్ 31 లోపు యుద్ధ రంగంలో అడుగుపెట్టినవాళ్లకు స్టార్ పతకం ఉంటుంది, కార్డు మీద దిగిన తేదీ ఉంటుంది, రంగానికి ఒక అంకె ఉంటుంది. 1 అంటే పశ్చిమ ఐరోపా, 3 అంటే ఈజిప్టు. లీడ్స్ పాల్స్ 1915 డిసెంబర్‌లో ఈజిప్టుకు వెళ్లి, 1916 మార్చిలో ఫ్రాన్స్ చేరారు. ఆ బెటాలియన్ మనిషి కార్డు మీద 3 కనిపిస్తే కంగారు పడక్కర్లేదు. 1916లో తొలిసారి విదేశం వెళ్లిన సిపాయి కార్డులో సాధారణంగా రెండు పతకాలే ఉంటాయి, తేదీ ఉండదు. అప్పుడు డబ్ల్యూఓ 329లోని మెడల్ రోల్‌కు వెళ్లాలి. ఏయే బెటాలియన్లలో పనిచేశాడో అక్కడ వరుసగా రాసి ఉంటుంది.

చేరిన తేదీ ఎక్కడా దొరకకపోతే ఒక లెక్క ఉంది. చనిపోయిన సిపాయికి రావాల్సిన డబ్బు ఎవరికి ఇచ్చారో చెప్పే ఎఫెక్ట్స్ రిజిస్టర్లలో వార్ గ్రాట్యుటీ (సర్వీసు కాలాన్ని బట్టి ఇచ్చే సొమ్ము) మొత్తం విడిగా ఉంటుంది. విదేశంలో పనిచేసిన మామూలు సిపాయికి మొదటి 12 నెలలకు 5 పౌన్లు, ఆపైన నెలకు 10 షిల్లింగులు. 20 షిల్లింగులు ఒక పౌను. గ్రాట్యుటీ 12 పౌన్లు అనుకోండి. అందులో 5 తీసేస్తే 7 పౌన్లు, అంటే 14 నెలలు. 12 కలిపితే 26 నెలలు. చనిపోయిన నెల నుంచి 26 నెలలు వెనక్కి లెక్కిస్తే చేరిన నెల వస్తుంది. నెలలో కొంత భాగమైనా నిండు నెలగా లెక్కేసేవాళ్లు, కాబట్టి ఒక నెల అటూఇటూ కావచ్చు. కార్పొరల్, సార్జెంట్ రేట్లు వేరు. వాళ్లకు ఈ లెక్క వాడితే ఫలితం తప్పుతుంది.

బదిలీ దగ్గరే అందరూ తప్పుతారు

కెంట్ ఎడంచేతి స్పిన్నర్ కోలిన్ బ్లైత్ 1907లో నార్తాంప్టన్‌షైర్ మీద ఒకే రోజులో 48 పరుగులకు 17 వికెట్లు తీసినవాడు. మూర్ఛ ఉన్నా 1914 ఆగస్టులోనే కెంట్ ఫోర్ట్రెస్ ఇంజినీర్స్‌లో చేరాడు. చాలా వ్యాసాలు ఇక్కడితో ఆగి, ఇంజినీర్‌గానే చనిపోయినట్టు రాస్తాయి. 1917 నవంబర్ 8న బెల్జియంలోని పాషెన్‌డేల్ దగ్గర సైనిక రైలు మార్గం పనిలో గుండు ముక్కలు తగిలి చనిపోయేనాటికి అతను 12వ కింగ్స్ ఓన్ యార్క్‌షైర్ లైట్ ఇన్‌ఫాంట్రీలో సార్జెంట్. అది పయొనీర్ బెటాలియన్, అంటే రోడ్లు, రైలు పట్టాలు, కందకాల పని చేసేది. రైలు మార్గం మీద అతనికేం పని అన్న ప్రశ్నకు జవాబు బెటాలియన్ స్వభావంలోనే ఉంది. ఇంజినీర్ల వార్ డైరీ (యూనిట్ రోజువారీ రాసే నమోదు) ఎంత చదివినా ఆ నవంబర్ 8 అందులో కనిపించదు.

ఇలాంటి బదిలీలు 1916, 1917లలో విపరీతంగా జరిగాయి. స్వదేశంలో ఉన్న యూనిట్ల నుంచి మనుషులను తీసి, నష్టపోయిన బెటాలియన్లలో నింపారు. సిపాయి నంబరు మారడం దీనికి గుర్తు. 1917లో టెరిటోరియల్స్‌కు ఆరంకెల నంబర్లు కొత్తగా ఇచ్చారు కాబట్టి, ఆ ఏడు నంబరు మారిన ప్రతివాడూ బదిలీ అయ్యాడని మాత్రం అనుకోవద్దు.

వార్ డైరీ చదవడం

మొదటి యుద్ధం డైరీలు డబ్ల్యూఓ 95లో ఉన్నాయి. పడమటి రంగానివి చాలావరకు డిజిటల్ అయ్యాయి. సి.2118 అనే ఫారం మీద ఊరు, తేదీ, గంట, జరిగిన సంగతి, అనుబంధాలు అని గళ్లుంటాయి. రాసింది ఎక్కువగా అడ్జుటెంట్, అంటే కమాండర్‌కు కార్యాలయ పనుల్లో సాయపడే అధికారి. అధికారులను పేరుతో రాస్తాడు. సిపాయిలు చనిపోతే సంఖ్య మాత్రమే వేస్తాడు. మీ ఆటగాడు సిపాయి అయితే పేరు లేదని నిరాశపడకండి. అతని కంపెనీ ఏదో తెలిస్తే ఆ కంపెనీ ఎక్కడుందో డైరీ చెబుతుంది.

1916 జూలై 1 ఉదయం 7.30కి ఫ్రాన్స్‌లోని సెర్ గ్రామం మీద 31వ డివిజన్ దాడి చేసింది. లీడ్స్ పాల్స్ అందులోని 93వ బ్రిగేడ్‌లో ఉన్నారు. మెషిన్‌గన్లు, ఫిరంగుల ముందు నిమిషాల్లోనే బెటాలియన్ కూలిపోయింది. ఇలాంటి రోజున బెటాలియన్ డైరీ తరచూ పలచగా ఉంటుంది, ఎందుకంటే రాయాల్సిన అధికారులే పడిపోయారు. అప్పుడు ఒక మెట్టు పైకెళ్లి బ్రిగేడ్ డైరీ, తర్వాత డివిజన్ డైరీ తెరవాలి. గంటగంటకూ అందిన సందేశాలు అక్కడ ఉంటాయి. దాడికి ముందురోజు జారీ అయిన ఆర్డర్లు అనుబంధాల్లో ఉంటాయి. ఏ వరుస ఎప్పుడు కదలాలో వాటిలో చూసి, నిజంగా ఏం జరిగిందో డైరీలో చూసి, రెండూ పక్కపక్కన పెట్టాలి.

డైరీలో చోటు చెప్పడానికి మ్యాప్ సంకేతం వాడతారు. 57డి.కె.35.ఎ.4.7 అని ఉందనుకోండి. 57డి అంటే మ్యాప్ షీటు, సెర్ ప్రాంతం అందులోనే. కె పెద్ద గడి. 35 అంటే దానిలో వెయ్యి గజాల చదరం. ఆ చదరంలో నాలుగు భాగాలు: పై వరసలో ఎడమన ఎ, కుడిన బి, కింద వరసలో ఎడమన సి, కుడిన డి. చివరి రెండంకెలు ఆ భాగపు కింది ఎడమ మూల నుంచి ముందు తూర్పుకు, తర్వాత ఉత్తరానికి ఎన్ని పదో వంతులో చెబుతాయి. ఒక్కో పదో వంతు 50 గజాలు. ఉత్తరం ముందు లెక్కిస్తే మనిషిని వేరే కందకంలో నిలబెట్టినట్టవుతుంది. ఈ ట్రెంచ్ మ్యాపులు నేషనల్ లైబ్రరీ ఆఫ్ స్కాట్లండ్ సైట్‌లో ఉచితంగా చూడొచ్చు, నేటి పటం మీద పరిచి చూసే వీలు కూడా ఉంది.

సమాధి కాగితాలు

కామన్‌వెల్త్ వార్ గ్రేవ్స్ కమిషన్ జాబితాలో పేరు కొట్టి, ఊరుకోకండి. ఆ పేజీ అడుగున స్కాన్ చేసిన ఫారాలు ఉంటాయి. యుద్ధం తర్వాత మృతదేహాన్ని మరోచోటి నుంచి తెచ్చి ఖననం చేస్తే కాన్సంట్రేషన్ ఫారం ఉంటుంది. అందులో దేహం దొరికిన మ్యాప్ సంకేతం, గుర్తుపట్టిన ఆధారం రాసి ఉంటాయి. చనిపోయిన చోటు తెలుసుకోవడానికి దీనికి మించిన కాగితం లేదు.

ఆ జూలై 1న చనిపోయిన బూత్ సమాధి సెర్ రోడ్ 1వ నంబర్ శ్మశానంలో ఉంది. 1917 తొలి నెలల్లో జర్మన్లు వెనక్కి తగ్గాకే ఆ నేల బ్రిటిష్ చేతికి వచ్చింది. ఆ వసంతంలో 5వ కోర్ (డివిజన్ కంటే పెద్ద దళం) రణరంగాన్ని శుభ్రం చేస్తూ ఈ శ్మశానం మొదలుపెట్టింది. జూలైలో పడినవాడు మరుసటి ఏడు గానీ ఖననం కాకపోవడానికి కారణం అదే. అతని జేబులోని ఎంసీసీ సిగరెట్ పెట్టెను బట్టి గుర్తుపట్టారని చెబుతారు. ఆ రోజు ఒకే గుండు గోతిలో అతని పక్కన ఉన్నది బ్రాడ్‌ఫర్డ్ పాల్స్‌లో ఉన్న ఏబ్ వాడింగ్టన్, తర్వాత యార్క్‌షైర్‌కూ ఇంగ్లండ్‌కూ ఆడినవాడు. ఇలాంటి సంగతులు రాసేటప్పుడు ఎవరు చెప్పారో వాక్యంలోనే రాయండి. 1917లోనే అక్కడ ఖననమైనవాళ్లకు కాన్సంట్రేషన్ ఫారం ఉండకపోవచ్చు.

జీవ్స్ 1916 జూలై 22న ఫ్రాన్స్‌లోని హైవుడ్ అడవి దగ్గర చనిపోయాడు. సమాధి లేదు. థీప్‌వల్ స్మారకం మీద 72 వేలకు పైగా పేర్ల మధ్య అతని పేరుంది. అంటే దేహం దొరకలేదు, లేదా దొరికినా గుర్తుపట్టలేదు. ఈ రెంటిలో ఏదో తెలియకుండా "శవం దొరకలేదు" అని రాయకూడదు. రాతి అడుగున కుటుంబం చెక్కించిన వాక్యం కూడా తప్పక చూడండి. ఖాళీలతో కలిపి 66 అక్షరాలకే అనుమతి. ఆ ఇంటివాళ్లు అతని గురించి స్వయంగా చెప్పిన మాట చాలాసార్లు అదొక్కటే.

రెండో యుద్ధం: హెడ్లీ వెరిటీ

రెండో యుద్ధంలో సర్వీసు కాగితాలు కాలలేదు. 2022 నుంచి అవి రక్షణ శాఖ నుంచి నేషనల్ ఆర్కైవ్స్‌కు విడతలుగా చేరుతున్నాయి. పాత జన్మతేదీలవి ముందు తెరుచుకుంటాయి. వార్ డైరీలు మాత్రం ఈసారి యుద్ధ రంగాన్ని బట్టి విడిపోయాయి. స్వదేశంలో ఉన్న దళాలవి డబ్ల్యూఓ 166, మధ్యప్రాచ్యానివి 169, 1944లో నార్మండీ వైపువి 171, ఆగ్నేయాసియావి 172. బెటాలియన్ యుద్ధ రంగం మారిన ప్రతిసారీ వరుస మారుతుంది. ఒక వరుసలో దొరక్కపోతే డైరీ పోయిందని అనుకోకండి.

యార్క్‌షైర్ స్పిన్నర్ వెరిటీ విషయంలో ఇది బాగా తెలుస్తుంది. 1932లో హెడింగ్లీలో నాటింగ్‌హామ్‌షైర్ మీద 10 పరుగులకు 10 వికెట్లు అతనివే. 1934 ఫిబ్రవరిలో మద్రాసు చేపాక్ టెస్టులో మన కొఠారి కనకయ్య నాయుడు నాయకత్వంలోని భారత జట్టు మీద తొలి ఇన్నింగ్స్‌లో 49 పరుగులకు 7 వికెట్లు తీశాడు. ఆ మ్యాచ్ వార్తల కోసం నాటి మద్రాసు పత్రికలు చూడండి. చివరి మ్యాచ్ 1939 సెప్టెంబర్ 1న హోవ్‌లో ముగిసింది. సస్సెక్స్ 33కే కూలింది, వెరిటీ 9 పరుగులకు 7 వికెట్లు. రెండు రోజులకు యుద్ధం ప్రకటించారు.

అతను గ్రీన్ హోవర్డ్స్ 1వ బెటాలియన్‌లో అధికారి అయ్యాడు. బెటాలియన్ 5వ డివిజన్‌తో కలిసి భారత్‌కు, అక్కణ్నుంచి మధ్యప్రాచ్యానికి, 1943 జూలైలో సిసిలీకి వెళ్లింది. కెప్టెన్ వెరిటీ బి కంపెనీ కమాండర్. జూలై 19 రాత్రి కటానియా మైదానంలో దాడి సాగుతుండగా ఛాతీలో గాయమైంది. కంపెనీ వెనక్కి తగ్గాక అతని దగ్గర మిగిలింది సహాయకుడు ప్రైవేట్ టామ్ రెనల్డ్సన్. ఇద్దరూ జర్మన్లకు దొరికారు. గాయపడిన వెరిటీని ఇటలీ ప్రధాన భూభాగానికి తీసుకెళ్లారు. 1943 జూలై 31న కసెర్టాలో చనిపోయాడు, సమాధి అక్కడి వార్ సెమెటరీలో ఉంది.

ఇక్కడ నాలుగు తేదీలు కలిసిపోతాయి. గాయం జూలై 19, 20 మధ్య రాత్రిది. మరణం జూలై 31ది. ఆ మధ్య ఇంటికి అందింది "గాయపడ్డాడు, ఆచూకీ లేదు" అన్న కబురు. మరణవార్త సెప్టెంబర్ 1న వచ్చింది, చివరి మ్యాచ్ ముగిసి సరిగ్గా నాలుగేళ్లకు. సెప్టెంబర్ పత్రిక చూసి మరణ తేదీ రాసేవాళ్లు, "సిసిలీ యుద్ధభూమిలోనే మరణించాడు" అనేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. "యుద్ధంలో హతుడు", "గాయాలతో మరణించాడు" అన్నవి సైన్యం లెక్కలో వేర్వేరు వర్గాలు. డబ్ల్యూఓ 417లోని నష్టాల జాబితాల్లో ఒకే మనిషి మొదట ఒక వర్గంలో, తర్వాత సవరణతో మరో వర్గంలో కనిపిస్తాడు. ముందు తేదీ జాబితా దగ్గర ఆగిపోకుండా తర్వాతి నెలలూ తిరగేయాలి. చనిపోయింది శత్రువు చేతిలో బందీగా కాబట్టి, చివరి రోజులు బెటాలియన్ డైరీలో ఉండవు. ఆ భాగం రెడ్‌క్రాస్ ద్వారా వచ్చిన కబురు, వెంట ఉన్నవాళ్ల మాటల మీదే ఆధారపడి ఉంటుంది. రాసేటప్పుడు కూడా అక్కడ గొంతు మారాలి, డైరీ చెప్పినంత ఖాయంగా చెప్పకూడదు.

వైమానిక దళానికి వెళ్లినవాళ్లకు దారి వేరు. స్క్వాడ్రన్ల రికార్డులు ఎయిర్ 27లో, శిక్షణ యూనిట్లవి ఎయిర్ 29లో ఉంటాయి. ఎసెక్స్ ఫాస్ట్ బౌలర్ కెన్ ఫార్న్స్ 1941 అక్టోబర్ 20న చిపింగ్ వార్డెన్‌లో రాత్రి శిక్షణలో విమానం కూలి చనిపోయాడు. అతన్ని స్క్వాడ్రన్ పుస్తకాల్లో వెతికితే ఏమీ దొరకదు.

అధికారి హోదా రాసేటప్పుడు బ్రిటిష్ ప్రభుత్వ అధికార పత్రిక లండన్ గెజెట్ ప్రకటనలో రెండు తేదీలు చూసుకోండి. ఒకటి గెజెట్ అచ్చైన తేదీ, రెండోది హోదా అమల్లోకి వచ్చిన తేదీ. పట్టికలో వేయాల్సింది రెండోది. తాత్కాలిక హోదా అయితే ఆ మాట కూడా రాయాలి. పూర్తయిన పట్టికలో రెండు యూనిట్లు ఒకే తేదీన కనిపిస్తే, వాటిలో ఒకటి జీతం లెక్క కోసం పేరున్న రెజిమెంట్, మరొకటి అతను నిజంగా పనిచేసిన చోటు అయి ఉండొచ్చు. మెడల్ కార్డులోనో సమాధి జాబితాలోనో "అటాచ్డ్" అన్న మాట ఉందేమో చూసి, డైరీ కోసం ఆ రెండో బెటాలియన్‌ను ఎంచుకోండి.